పాట మీద వేసిన ఒట్టు

సూరత్‌లోని లింబాయత్‌లో ఎవరైనా తనను 'పాటల డాక్టరమ్మ' అంటే నవతకు చిర్రెత్తుకొస్తుంది. డాక్టరును కాదు, సైకాలజిస్టును, సూది వెయ్యను, మందు రాయను అని చెప్పీ చెప్పీ నోరు నొప్పి పుట్టి, చివరికి తలుపు పక్కన బోర్డు కూడా రాయించింది. తెలుగులో, హిందీలో, గుజరాతీలో. జనం ఆ బోర్డు కిందే నిలబడి "డాక్టరమ్మ ఉన్నదా?" అని అడుగుతారు.

ఆమె గది ఆటో సామాన్ల దుకాణం మీద ఉంటుంది. మెట్లు ఎంత ఇరుకంటే, దిగేవాడు పూర్తిగా దిగేదాకా ఎక్కేవాడు కింద ఆగాలి. మత్తు మానాలనుకునేవాళ్ళు వచ్చి కూర్చుని మాట్లాడుకోవడానికి ఒక ట్రస్టు నడుపుతున్న గది అది. లోపల ఒక బల్ల, నాలుగు కుర్చీలు, ఒక అలమర. అలమరలో ఫైళ్ళు తక్కువ, అట్టగొట్టాలు ఎక్కువ. కార్ఖానాల్లో దారం చుట్టుకుని వస్తాయే, దారం అయిపోయాక అవతల పారేస్తారే, ఆ గొట్టాలు. ఒక్కోదాని మీద ఒక్కో మనిషి చేతిరాత. ఏదో ఒక పాట మొదటి ముక్క.

ఆ గొట్టాల సంగతి చెప్పాలంటే కొంచెం వెనక్కి పోవాలి.

నవత నాన్న నరహరి సిరిసిల్ల పక్క ఊరి నుంచి పందొమ్మిదేళ్ళ వయసులో సూరత్ వచ్చాడు. ముప్పై ఎనిమిదేళ్ళు సాంచెలు నడిపాడు. సాంచె అంటే కరెంటుతో నడిచే మగ్గం. ఒక్కటి నడిస్తేనే పక్కవాడి మాట వినపడదు. షెడ్డులో అలాంటివి వంద నడుస్తాయి. ఇప్పుడు ఆయనకు చెవులు సగం పోయాయి. తల్లి కొమురవ్వ ఇంట్లో కూర్చుని చీరలకు రాళ్ళు అద్దేది. నవత చదివింది గుజరాతీ బడిలో. తెలుగు అక్షరాలు నేర్పింది నరహరి, సిమెంటు గచ్చు మీద సుద్దముక్కతో, ఆదివారాలు. కాలేజీలో కామర్సు సీటు రాక సైకాలజీలో పడింది. ఆ రోజుల్లో పద్మశాలి సంఘం పెద్ద కమలాకర్ ఇంటికొచ్చి నవ్విన నవ్వు ఆమెకు ఇప్పటికీ గుర్తే.

"పిచ్చోళ్ళ సదువు సదివి, పిచ్చోళ్ళ నడుమ కూసుంటవా బిడ్డా?"

"ఇప్పుడెవరి నడుమ కూసున్న పెద్దబాపు?" అంది పద్దెనిమిదేళ్ళ నవత.

కొమురవ్వ గరిటెతో కొట్టబోయింది. కమలాకర్‌కు మాత్రం కోపం రాలేదు. "పోరి నోరు మంచిగున్నది, పనికొస్తది" అని టీ తాగి పోయాడు.

పనికొచ్చింది. ఎమ్మే అయ్యాక ట్రస్టు వాళ్ళు ఉద్యోగమిచ్చారు. మొదటి ఆరునెలలు ఆ గదికి ఒక్క తెలుగువాడు రాలేదు. రాడు మరి. నేత కార్మికుడిది పన్నెండు గంటల పాళీ, అంటే షిఫ్టు. పాళీ అయితే ఒళ్ళు మంచం అడుగుతుంది, కౌన్సెలింగు అడగదు. ఆ పన్నెండు గంటలు కళ్ళు మూతపడకుండా ఉండటానికే చాలామంది మత్తు గోలీలు మొదలుపెట్టింది. ముందు ఒకటి, తరువాత రెండు, ఆ తరువాత పని లేని రోజున కూడా. నవత స్థానంలో ఇంకెవరైనా అయితే ఆఫీసులో ఫ్యాను కింద కూర్చుని 'జనంలో అవగాహన లేదు' అని రిపోర్టు రాసి ఊరుకునేవాళ్ళు. ఈమె పాళీ మారే వేళకు కార్ఖానాల గేట్ల దగ్గర టీ బండి పక్కన స్టూలు వేసుకుని కూర్చుంది. గోలీ గురించి అడగలేదు. "ఫోన్ల ఏం పాటలు ఇంటవు అన్నా?" అని అడిగింది.

గోలీ గురించి అడిగితే పారిపోయే మనిషి పాట గురించి అడిగితే కూర్చుంటాడు. అంతే కిటుకు. అలా వింటూ వింటూ ఒక సంగతి పట్టుకుంది: చాలామందికి గోలీ ఒంటరిగా గుర్తురాదు, ఏదో ఒక పాటతో కలిసి గుర్తొస్తుంది. పాత సినిమా పాటో, నవరాత్రి డీజే పాటో మొదలవగానే నాలుక ఎండుతుంది, చెయ్యి జేబు తడుముతుంది. ఏ పాట దగ్గర అలా అవుతుందో రాసుకురమ్మంది. షెడ్డులో కాగితం ఎక్కడుంటుంది? ఒకడు ఖాళీ గొట్టం మీద రాసుకొచ్చాడు. మిగతావాళ్ళూ అదే పట్టారు.

విన్నది రాయడం మొదలుపెట్టింది. సంఘానికి నాలుగు పేజీల నెలపత్రిక ఉండేది. అందులో చావు కబుర్లు, పెళ్ళి సంబంధాలు, కమలాకర్ ఫోటో తప్ప ఏమీ ఉండేవి కావు. ఫోటో ఒకటా రెండా అన్నదే ఏ నెలకా నెల తేడా. అందులో వెనక పేజీ అడిగి తీసుకుంది. మొదటి రాత ఇలా ఉంది: "పాట మంచిదీ కాదు, చెడ్డదీ కాదు. ఏ పాట దగ్గర నీ చెయ్యి జేబులోకి పోతుందో ఆ పాటకు కొన్నాళ్ళు సెలవియ్యి. మిగతా పాటలన్నీ నీవే." మత్తు మహమ్మారి, యువత నాశనం లాంటి అరిగిపోయిన మాటలు ఒక్కటి లేవు. లింబాయత్ కుర్రాళ్ళకు తెలుగు మాట్లాడటం వచ్చు, చదవడం రాదు. అందుకని తండ్రులు చదివి వినిపించేవాళ్ళు. గోలీ గురించి తండ్రీ కొడుకూ ఒకే కాగితం ముందు కూర్చోవడం ఆ వీధుల్లో అంతకుముందు లేదు. ఒక్క ఆ పనికే ఆమెకు దండం పెట్టొచ్చు.

అలా పదకొండు నెలలు రాసింది. పన్నెండోది పరుశురాం గురించి. పేరు వెయ్యలేదు, 'ఒక నేతన్న' అని రాసింది.

పరుశురాం వయసు నలభై ఒకటి. పన్నెండు సాంచెలు ఒక్కడే చూస్తాడు. మనిషి పనిమంతుడు, మితభాషి. తానే వచ్చాడు, ఎవరూ లాక్కురాలేదు. నాలుగు నెలలకు గోలీ సగానికి తగ్గించాడు. అతను తెచ్చిన గొట్టం మీద సినిమా పాట లేదు. చిన్నప్పుడు వాళ్ళ అవ్వ పాడిన ఏదో నేతపాట. "గోలీ వేసుకున్నంక గీ పాటనే నోట్లె ఆడుతది మేడం. గోలీ పాట ఇదే" అన్నాడు. నవత నమ్మింది. ఆ నెల ఇలా రాసింది: "కొందరికి ఆ పాట ఫోనులో ఉండదు, నోట్లో ఉంటుంది. పని చేస్తూ గొణుక్కునే పాట కూడా గోలీకి తోవ చూపుతుంది. నోరు మూస్తే తోవ మూసుకుంటుంది."

కమలాకర్‌కు ఈ రాత తెగ నచ్చింది. సంఘం గుడిలో అందరి ముందూ రెండుసార్లు చదివించాడు. చదివించి ఊరుకోలేదు. మాటకు ముడి పడాలన్నాడు. వాళ్ళలో నూలుపోగు పట్టుకుని చెప్పిన మాటకు తిరుగుండదు. గోలీ అలవాటున్న పదకొండు మందిని వరసగా నిలబెట్టి, దేవుడి ముందు చేతికి నూలుపోగు ఇచ్చి, "గోలీ ముట్టను, పని కాడ పాట పాడను" అని ఒట్టు వేయించాడు. అందరికంటే ముందు పోగు అందుకున్నది పరుశురామే.

నవతకు ఈ సంగతి మరునాడు తెలిసింది. తన రాత మీద పదకొండు మంది ఒట్టు వేశారంటే ఎవరికి సంతోషం ఉండదు? ఆమెకూ కలిగింది. ఆ రాతలన్నీ కలిపి పుస్తకం వేద్దామని కమలాకర్ అంటే సరేనంది.

ఒట్టు వేసిన మూడో నెల ఒక మధ్యాహ్నం, పరుశురాం భార్య సమ్మక్క ఆ ఇరుకు మెట్లెక్కి వచ్చింది. దిగుతున్న మనిషిని గోడకు నొక్కి మరీ వచ్చింది. గదిలో ఇద్దరు కూర్చుని ఉన్నారన్నది కూడా చూడలేదు.

"నీ రాతలు ఇంక బంద్ వెట్టు చెల్లె" అంది.

నవత ఆ ఇద్దరినీ టీకి పంపి కుర్చీ జరిపింది. "కూసో వదినె. ఏమైంది?"

"కూసునుడు లేదు. మా ఇంట్ల పాట బంద్ అయింది. గోలీ బంద్ కాలే. మునుపు రోజుకు ఒకటి ఏస్కునేది, గిప్పుడు మూడు. నీకు ఎర్కేనా?"

"మూడా?"

"మరి! గా ఒట్టు ఏసిన కాడ్నుంచి మనిషి మనిషి లెక్క లేడు. ముకాదం మూడుసార్లు తిట్టిండట. బట్టంతా ఖరాబైతాందట. ఇరవై ఏండ్ల సంది గాయిన బట్టల ఒక్క తప్పు వట్టిన మొగోడు లేడు. ఇంకోపాలి ఖరాబైతే రానేవద్దన్నరట." సమ్మక్క తలుపు వైపు ఒకసారి చూసి గొంతు తగ్గించింది. "గోలీ ఏస్కుంటన్నడని నేను సంఘపోళ్ళకు చెప్పలె. చెప్తే కులంల ఇజ్జత్ పోతది. నీకు చెప్తాన్న. నువ్వు రాసినవు, నువ్వే ఏదన్న చెయ్."

చెప్పాల్సింది చెప్పి వెళ్ళిపోయింది. నవత అలమర తెరిచి పరుశురాం గొట్టం తీసింది. అటు తిప్పింది, ఇటు తిప్పింది. తను రాసినదాంట్లో తప్పు కనపడలేదు. చదువుకున్న పుస్తకాల్లో కూడా అదే ఉంది. మనిషే తప్పాడేమో అనుకుంది. చాలామంది అక్కడే ఆగిపోతారు. మందు పని చెయ్యకపోతే రోగిదే తప్పు అనుకోవడం ఎంత సుఖం! ఆమె ఆగలేదు. మరునాడు పొద్దున్నే షెడ్డు మీద అజమాయిషీ చేసే ముకాదాన్ని అడిగి, పరుశురాం పనిచేసే షెడ్డులోకి పోయి ఒక మూల నిలబడింది.

చిన్నప్పుడు నాన్నకు టిఫిను పట్టుకుని అలాంటి షెడ్లలోకి చాలాసార్లు పోయింది. అక్కడ మాట వినపడదు కాబట్టి ఎవరూ చెవితో వినరు. పెదవులు చూసి మాట పట్టుకుంటారు. ఇరవై అడుగుల దూరం నుంచి, గొంతు లేకుండా, పెదవులతోనే జోకులేసుకుంటారు, తిట్టుకుంటారు. నరహరి కూతురుగా నవతకు ఆ విద్య వచ్చు. కానీ పెద్దయ్యాక షెడ్డు లోపలికి పోయింది లేదు. మాట్లాడిందంతా గేటు బయట, టీ బండి దగ్గరే.

ఒక గంట చూసింది. మూడో వరసలో ఒక ఒడియా మనిషి పెదవులు ఆడుతున్నాయి. ఎవరితో మాట్లాడుతున్నాడా అని చూస్తే ఎదురుగా ఎవరూ లేరు. ఐదో వరసలో ఇంకొకడు. తలుపు దగ్గర ముసలాయన ఒకడు. అందరి పెదవులూ కదులుతూనే ఉన్నాయి, ఒకే తూగులో, సాంచె దెబ్బకు సరిగ్గా. వాళ్ళు పాడుతున్నారు. ఎవరికీ వినపడని పాట, ఎవరికి వాళ్ళు, పాళీ మొత్తం. ఉన్నట్టుండి ఆ ఒడియా మనిషి పెదవులు ఆగాయి. వెనక్కి తిరిగి చూడకుండానే రెండడుగులు వేసి ఒక సాంచె ఆపాడు. దారం తెగి ఉంది. అతికాడు. సాంచె నడిచింది, పెదవులు నడిచాయి.

పరుశురాం పన్నెండు సాంచెల మధ్య గిరగిరా తిరుగుతున్నాడు. ప్రతిదాని మీదా వంగి చూస్తున్నాడు. కళ్ళు ఎర్రగా ఉన్నాయి. నోరు కుట్టేసినట్టు మూసుకుని ఉంది. అతను ఐదోదాని దగ్గర ఉండగా పదోదానిలో దారం తెగింది. బట్ట అలాగే చారలు పడుతూ చాలాసేపు నడిచింది. అతనికి తెలియలేదు.

నవత ఇంటికొచ్చి నరహరి ఎదురుగా కూర్చుంది. ఆయనకు మాట వినిపించాలంటే ముఖం కనపడాలి.

"బాపు, సాంచెల కాడ పాడేటోనివా?"

"పాడకుంటే ఎట్ల ఇనవడుతది?" అన్నాడు నరహరి, ఇదేం ప్రశ్న అన్నట్టు.

"ఏం ఇనవడుతది?"

"ఏందే, గంత సదివినవ్! పన్నెండు సాంచెలు ఒక్కపారి మొత్తుకుంటయి. దేన్నని ఇంటవ్? నోట్లె పాట వెట్టుకుంటే అన్ని దాని ఎంబడి నడుస్తయి. ఏదన్న పాట తప్పిందంటే గా సాంచెల పోగు తెగినట్టు. కండ్లతోని సూసుడు కొత్తోని పని."

"మరి నాకెన్నడు చెప్పలేదేంది?"

"నువ్వెన్నడు అడిగినవ్?"

నిజమే, అడగలేదు. గోలీ వేసుకున్నాక ఏ పాట వస్తుంది అని అడిగింది. గోలీ అలవాటు కాకముందు ఏ పాట ఉండేది అని అడగలేదు. పరుశురాం ఇరవై ఏళ్ళుగా ఆ పాటతో నేస్తున్నాడు. గోలీ వచ్చింది మొన్న మూడేళ్ళ కింద. సాంచెలు ఎనిమిది నుంచి పన్నెండు అయి, పాట ఒక్కటే సరిపోక గోలీ తోడు తెచ్చుకున్నాడు. నవత ఆ జంటలో గోలీని పీకబోయి పాటను పీకేసింది. ఇప్పుడు అతని చెవి పని కూడా గోలీయే చెయ్యాలి. ఒకటి ఎందుకు మూడైందో తెలిసిపోయింది.

ఆ రోజు ఆమె అన్నం తినలేదు. కొమురవ్వ అడిగితే కడుపునొప్పి అంది.

పాళీ దిగే వేళకు పరుశురాం కోసం గేటు దగ్గర నిలబడింది. అతను తప్పించుకు పోబోయాడు. టీ గ్లాసు చేతిలో పెట్టి ఆపింది.

"అన్నా, నువ్వు పాడాలె. రేపటి సంది పాడు. నేను తప్పు రాసిన."

పరుశురాం టీ వైపు చూశాడు. "వద్దు మేడం."

"అరే, నేనే చెప్తన్న గద."

"గోలీ ఒట్టు తప్పిన మేడం. నా పెండ్లానికి ఎర్క, నీకు ఎర్క. పోగు వట్టుకొని రెండు మాటలు చెప్పిన. ఒకటి నిలవెట్టుకోలే. రెండోదన్న నిలవెట్టుకుంట." గ్లాసు బండి మీద పెట్టాడు, టీ ముట్టలేదు. "గదన్న లేకుంటే నేనేం మనిషిని?"

ఎదుటి మనిషి నోరు విప్పించడమే నవత బతుకుతెరువు. ఈ మనిషి మాత్రం ఆమె రాతను ఆమెకంటే ఎక్కువ నమ్మి, ఆ నమ్మకంతోనే మునిగిపోతున్నాడు. ఇంకోసారి బట్ట పాడైతే పని పోతుంది. పని పోతే ఇక గోలీ మానేందుకు ఏ కారణమూ మిగలదు. ఒట్టు వేసింది గుడిలో. విప్పాల్సింది కూడా గుడిలోనే.

కమలాకర్‌కు సాంచెల విడిభాగాల దుకాణం ఉంది. నవత పోయేసరికి బల్ల మీద కొత్త పుస్తకాల కట్టలున్నాయి. ఆమె పన్నెండు రాతలు, రంగుల అట్ట. అట్ట మీద ఆమె పేరు, దానికంటే పెద్దగా ఆయన ఫోటో.

"సూడు బిడ్డా, ఎట్లున్నది?"

"పన్నెండోది తీసెయ్యాలె పెద్దబాపు."

ఆయన నవ్వాడు. తరువాత ఆమె ముఖం చూసి నవ్వు ఆపాడు. ఆమె మొత్తం చెప్పింది. పరుశురాం గోలీ సంగతి తప్ప. అది సమ్మక్క నమ్మి చెప్పిన మాట. కమలాకర్ చెడ్డవాడు కాదు. తాను పట్టుబట్టి ఒట్టు వేయించినందువల్లే ఇద్దరు ముగ్గురు నిజంగా మానేశారు. అందుకే ఆయనకు మరీ కష్టమైంది.

"రాసిన మాట మారుస్తే నిన్నెవడు నమ్ముతడే? రేపు నువ్వు గోలీ తప్పంటే గూడ, పోయినపారి తప్పు రాసింది గద అంటరు."

"నమ్మినందుకే గిట్లయింది పెద్దబాపు. జర తక్కువ నమ్మితే మంచిదే."

"సంఘం ఇజ్జత్?"

"గది నీ ఫోటో కింద సల్లగ ఉంటది. మందిని పిలువు. నేను మాట్లాడుత."

సెలవు రోజు పొద్దున గుడి హాల్లో అరవై మంది చేరారు. నవత లేచి రెండు ముక్కల్లో చెప్పింది. నోరు మూయమని తాను రాసింది తప్పు. షెడ్డు లోపలికి పోకుండా, పాత నేతగాళ్ళను అడక్కుండా రాసింది. ఫోనులో పాట వేరు, పని పాట వేరు. పని పాట పాడితే ఒట్టు తప్పినట్టు కాదు, తప్పు రాసిన పాపం తనది. ఒక మూల నుంచి ఎవడో "రేపు ఇదిగూడ తప్పంటదేమో" అన్నాడు. కొందరు నవ్వారు. "అంట. తప్పని తెలిస్తే మళ్ళ వచ్చి అంట" అంది నవత.

పరుశురాం వెనక వరసలో ఉన్నాడు. లేచి నిలబడ్డాడు. పదిమందిలో అతను మాట్లాడటం అంతకుముందు ఎవరూ వినలేదు.

"మేడం తన రాత తప్పంటాంది. మంచిది. నేను రాత వట్టుకొని ఒట్టు వెయ్యలె, పోగు వట్టుకొని ఏసిన. పోగు తప్పు కాదు గద?"

నవత కమలాకర్ వైపు చూసింది. ఆయన ఎటో చూస్తున్నాడు. అప్పుడు ముందు వరసలో కూర్చున్న నరహరి, సాంచెల మనుషులకు అలవాటైన పెద్ద గొంతుతో, "వాడేమంటాండు?" అని అడిగాడు. పక్కవాడు ముఖం తిప్పి పెదవులతో చెప్పాడు. ముసలాయన కర్ర ఊతంగా లేచాడు.

"అరేయ్ పరుశురామ్! సాంచె మీద పోగు తెగితే ఏం జేస్తవ్‌ర?"

"అతుకుత కాకా."

"తెగిందని సాంచె బంద్ వెట్టుకొని ఏడుస్త కూసుంటవా?"

"లేదు."

"దినాం ఎన్ని తెగుతయి?"

"లెక్క లేదు కాకా."

"పోగు తెగుడు పాపం కాదుర. తెగినంక అతకకపోవుడు పాపం. మన తాతలు నేర్పింది గదే. ఇగ కూసో."

పరుశురాం కూర్చోలేదు. చెప్పులేసుకుని బయటికి పోయాడు. ఒప్పుకున్నట్టా కాదా ఎవరికీ తెలియలేదు. కమలాకర్ మాత్రం గొంతు సవరించుకుని, పని పాటకు సంఘం అడ్డు లేదని చెప్పేశాడు. పుస్తకాలు పారేయడానికి ఒప్పుకోలేదు. పన్నెండో రాత మీద కొత్త కాగితం అతికించి పంచుదామన్నాడు. ఆ కాగితం నవత అక్కడే కూర్చుని రాసిచ్చింది: "నేను అడిగిన ప్రశ్న తప్పు, కాబట్టి నాకు వచ్చిన జవాబూ తప్పే. గోలీ వెంట వచ్చే పాట ఉంటుంది. గోలీ కంటే ముందు నుంచీ ఉన్న పాట కూడా ఉంటుంది. మొదటిదానికి సెలవియ్యి. రెండోదాన్ని వదలకు. ఏది ఏదో నాకు తెలియదు, నీకే తెలుస్తుంది. ఈ తేడా చెప్పినవాళ్ళు సైకాలజిస్టులు కారు, నేతగాళ్ళు."

వారం గడిచింది. పరుశురాం గది వైపు రాలేదు. నవత ఎవరినీ పంపలేదు, ఫోను చెయ్యలేదు. మెట్ల మీద అడుగుల చప్పుడైతే మాత్రం మాట్లాడుతున్నదల్లా ఆగేది.

తొమ్మిదో రోజు అతను వచ్చాడు. జేబులోంచి గోలీల అట్ట తీసి బల్ల మీద పెట్టాడు. అందులో ఇంకా నాలుగున్నాయి.

"నిన్న ఒకటే ఏస్కున్న. ఇయ్యాల ఏస్కోలే. రేపు కార్ఖానకు రా మేడం, సూడు" అన్నాడు. అట్ట అక్కడే వదిలి మెట్లు దిగాడు.

ఆ తరువాత పరుశురాం మళ్ళీ గోలీ ముట్టనే లేదని రాస్తే అది అబద్ధం. ఆరు నెలల్లో రెండుసార్లు జారాడు. రెండుసార్లూ తానే మెట్లెక్కి వచ్చి చెప్పాడు, సమ్మక్క చెప్పేదాకా ఆగలేదు. అతికేది ఎలాగో అతనికి తెలుసు మరి.

అతను గోలీల అట్ట తెచ్చిన మరునాడు నవత షెడ్డులో అదే మూల నిలబడింది. పరుశురాం ఆమెను చూడలేదు. చాలాసేపు అతని నోరు మూసుకునే ఉంది. ఒకసారి పెదవులు తెరిచాడు, మూశాడు. ముకాదం వచ్చి పక్కన నిలబడి బట్ట పట్టి చూసి పోయాడు. నవత చీర కొంగు వేలికి చుట్టుకుంటూ, విప్పుకుంటూ నిలబడింది.

ఎప్పుడు మొదలైందో ఆమె కూడా సరిగ్గా పట్టుకోలేకపోయింది. చూస్తే పెదవులు కదులుతున్నాయి. ముందు చిన్నగా, చలికి వణికినట్టు. తరువాత సాంచె దెబ్బతో కలిసి. అతని భుజాలు దిగాయి. వంగి వంగి చూడటం మానేసి మధ్య దారిలో నిలబడ్డాడు. నాలుగోదాని దగ్గర నిలబడినవాడు తల తిప్పకుండానే వెనక్కి నడిచి పదకొండోదాన్ని ఆపాడు. బట్ట మీద చార ఇంకా పడలేదు. తెగిన పోగు అతికి తల ఎత్తాడు, అప్పుడు కనపడింది నవత.

సాంచెల మోతలో, గొంతు లేకుండా, అతని పెదవులు అన్నాయి: "గీపారి పాటను రాసుకోకు చెల్లె."

"రాసుకోను అన్నా" అంది నవత పెదవులతోనే. ఆ తరువాత అతని పెదవులు చదవకుండా ముఖం అవతలికి తిప్పుకుంది.